నాలుగూళ్ల ఆటకి ఒక్క ఈల

ఫుట్‌బాల్ మాస్టారు పోయారని బందరు నుంచి ఏడుకొండలు ఫోన్ చేసి చెప్పాడు. అతను సముద్రం మీద వేటకి వెళ్లే మనిషి. ఫోన్లో కూడా ఎదురుగాలిలో నిలబడి అరిచినట్టే మాట్లాడతాడు. ఆ రోజు మాత్రం చాలా మెల్లగా మాట్లాడాడు.

"మన మాస్టారు లేరండి. నిన్న పొద్దున్నే పోయారంట. చర్చి వాళ్లు సాయంత్రానికల్లా సమాధి కూడా చేసేశారంట. మనకెవరికీ కబురందలేదు."

"ఏమైంది?" అని అడిగాను.

"ఏమవుద్దండీ. వయసు."

ఏడుకొండలుది బందరు జట్టు, నాది ఉయ్యూరు జట్టు. మాస్టారు ఎవరి జట్టూ కాదు. మా ఇద్దరినీ కలిపింది ఆయనే.

నేను ఉయ్యూరులో టైపు ఇన్‌స్టిట్యూట్ నడిపేవాణ్ణి. కంప్యూటర్లు వచ్చి దాన్ని మూయించేదాకా నా పని పిల్లలు కొట్టుకొచ్చిన కాగితాల మీద తప్పులు వెతికి ఎర్ర పెన్సిలుతో గీతలు గీయడం. ఆ అలవాటు పెళ్లిళ్లలో శుభలేఖ చూసినా, బస్సు మీద బోర్డు చూసినా పోదు. మా ఆవిడ భాషలో నేను మనుషుల్లో కూడా మొదట అచ్చుతప్పులే చూస్తాను. మాస్టారిని మొదటిసారి చూసినప్పుడు కూడా, తెల్ల ప్యాంటు మోకాళ్ల దగ్గర పచ్చగా ఉండటం, ఒక బూటు తాడు ఉండాల్సిన చోట ఉండకుండా మెడలో ఈలకి కట్టి ఉండటం, ఇవే చూశాను.

ఆయన విజయవాడలో ఒక మిషన్ హైస్కూల్లో డ్రిల్లు మాస్టారు. పొట్టి మనిషి. ఆదివారం పొద్దున చర్చి, చర్చి నుంచి ఇంటికి వెళ్లకుండా ఏదో ఒక ఊరి బస్సు. చొక్కా జేబులో రెండు చిన్న పుస్తకాలుండేవి. ఒకటి కొత్త నిబంధన, ఇంకొకటి ఫుట్‌బాల్ నియమాలు. రెండూ ఒకే సైజు, రెంటికీ నల్ల అట్ట. ఒకసారి చర్చిలో వాక్యం చదవమని పిలిస్తే లేచి నిలబడి గంభీరంగా కార్నర్ కిక్ పేజీ తెరిచానని ఆయనే చెప్పుకుని నవ్వేవారు. "పాస్టరుగారికి అనుమానం రాలేదయ్యా. నాకే నోరు తిరగలేదు."

బంతి ఎవరిదైనా ముందు ఆయన చేతికి రావాలి. బొటనవేలితో కుట్టు మీద నొక్కి, చెవి దగ్గర పెట్టుకుని వినేవారు. ఏం వినపడుతుందో ఎవరికీ తెలియదు. "గాలి చాలు", "ఇంకో నాలుగు పంపులు", అంతే. ఎరుపు, పసుపు కార్డులు కొనలేదు. శుభలేఖల అట్టలు కత్తిరించి జేబులో పెట్టుకునేవారు. హనుమాన్ జంక్షన్ మెకానిక్ ఒకడికి పసుపు కార్డు చూపిస్తే, వాడు దగ్గరికి వచ్చి చదివి, "సార్, ఇది మా పిన్ని కూతురి పెళ్లిదండీ, మీరొచ్చారా?" అన్నాడు. మాస్టారు నవ్వలేదు. కార్డు జేబులో పెట్టుకుని, "వచ్చాను. భోజనాలు బాగున్నాయి. మళ్లీ కాలు అడ్డం పెట్టావంటే ఎర్రది తీస్తాను," అన్నారు.

నూరేళ్ల కిందటెప్పుడో ఇంగ్లండులో ఆడిన వాళ్లని ఆయన "మనవాళ్లు" అనేవారు. "అప్పట్లో మనవాళ్లకి ఈల లేదయ్యా, జేబురుమాలు ఊపేవాళ్లు." "మొదట్లో మనవాళ్లు రిఫరీని గీత బయటే నిలబెట్టారు." విన్నవాడెవడైనా ఆ మనవాళ్లు గుడివాడ వాళ్లనుకునేవాడు. ఒక్కో బడిలో ఒక్కో రకంగా ఆడుకుంటున్న ఆట అందరిదీ ఎలా అయిందనేది ఆయన పిచ్చి. చరిత్ర పుస్తకంలో రాజులుంటారు, ఆటలుండవు. ఆయనకి రాజుల పేర్లు వచ్చేవి కావు.

ఆయన మా ఊరు మొదటిసారి వచ్చిన రోజు నాకు బాగా గుర్తు. తొంభైల మొదట్లో. మేం స్కూలు మైదానంలో ఆడుతున్నాం. ఎవరో పెద్దమనిషి వరండాలో కూర్చుని చూస్తున్నాడు. మేం గోలు కొట్టగానే అలవాటుగా వైపులు మార్చుకున్నాం. ఆయన దిగ్గున లేచి లోపలికి వచ్చేశారు.

"ఆగండాగండి. ఇంకా హాఫ్ టైము కాలేదు. వైపులెందుకు మారారు?"

"గోలు పడింది కదండీ," అన్నాను.

"గోలు పడితే?"

"సాయంత్రం పూట పడమటి వైపు చూస్తూ ఆడేవాళ్లకి ఎండ కళ్లల్లో కొడుతుందండీ. అందుకని గోలు గోలుకీ మారతాం. మా నాన్నల రోజుల నుంచీ అంతే."

ఆయన నా చెయ్యి పట్టుకున్నారు. "మనవాళ్ల మొట్టమొదటి నియమాల్లో ఇదే ఉందయ్యా. గోలు పడితే వైపు మారాలని. తర్వాత వాళ్లు తీసేశారు. ఇక్కడ బతికే ఉంది!" అన్నారు. మా గోల్‌కీపర్ నా చెవిలో "ఎండకి పిచ్చెక్కిందేమో చూడు" అన్నాడు.

పిచ్చి ఏమీ కాదు. ఆయన మా చుట్టుపక్కల ఊళ్లన్నీ తిరిగి ఎక్కడ ఎలా ఆడుతున్నారో నోటుబుక్కులో రాసుకుంటున్నారు. బందరు దగ్గర సముద్రపు ఊళ్లో ఇసక మీద ఆడతారు. బంతి గీత దాటి నీళ్లలోకి వెళ్తే ముందు ఎవరు పరిగెత్తి ముట్టుకుంటే వాళ్లదే. మంగళగిరిలో మగ్గాల వాళ్లు గోలు కర్రల మధ్య పైన అడ్డకర్ర పెట్టరు, నూలు లాగి కడతారు. హనుమాన్ జంక్షన్‌లో రిఫరీ ఉండడు. ఇటు నుంచి ఒక పెద్దమనిషి, అటు నుంచి ఒక పెద్దమనిషి. ఆటగాడు చెయ్యెత్తి అడిగితేనే వాళ్లు తీర్పు చెబుతారు, అడక్కపోతే ఏం జరిగినా జరగనట్టే. ఇవన్నీ ఒకప్పుడు ఇంగ్లండులో ఉన్నవేనని, ఒకదాని తర్వాత ఒకటి వదిలేసుకుంటూ వచ్చారని ఆయన చెప్పేవారు. "వాళ్లు దాటొచ్చిన మెట్లన్నీ మన కృష్ణాజిల్లాలో ఒక్కో ఊళ్లో ఒక్కోటి ఉన్నాయి." మంగళగిరి గుంటూరు జిల్లా అని నేను దిద్దాను. ఆయన పట్టించుకోలేదు.

వినడానికి ముచ్చటగానే ఉంటుంది. కానీ ఈ నాలుగూళ్లూ ఒకళ్లతో ఒకళ్లు ఆడితే చొక్కాలు చిరగకుండా ముగిసిన మ్యాచి ఒక్కటీ లేదు. బందరు వాళ్లు బయటికెళ్లిన బంతి కోసం పరిగెడితే మేం అది మాదనేవాళ్లం. జంక్షన్ పెద్దమనుషులిద్దరూ ఒకళ్ల కాలరు ఒకళ్లు పట్టుకున్న రోజులున్నాయి. మంగళగిరి జట్టు ఒకసారి హాఫ్ టైములోనే బస్సెక్కేసింది.

"నాకు ఇంకా రెండేళ్ల సర్వీసుంది టైపుగారూ," అన్నారు మాస్టారు ఒకరోజు. నన్ను ఎప్పుడూ టైపుగారూ అనే పిలిచేవారు. "ఈలోగా ఒక్క మ్యాచి చూడాలి. ఒకే ఒక్కటి. ఆఖరి ఈల దాకా సాగాలి. ఓడినవాళ్లు గెలిచినవాళ్లకి చెయ్యిచ్చి ఇంటికెళ్లాలి. ఇరవయ్యారేళ్లు డ్రిల్లు చెప్పాను, అది మాత్రం చూడలేదు."

అందుకే నలుగురు కెప్టెన్లనీ విజయవాడ పిలిపించారు. బస్టాండు దగ్గర ఒక ఇడ్లీ హోటల్ మేడ మీద గది. లండన్లో మనవాళ్లు సారా దుకాణంలో కూర్చుని నియమాలు రాసుకున్నారని, మన రాష్ట్రంలో మద్యనిషేధం కాబట్టి ఇడ్లీ హోటలుతో సరిపెట్టుకోవాలని చెప్పి ఆయన మీటింగు మొదలుపెట్టారు. బందరు నుంచి ఏడుకొండలు, మంగళగిరి నుంచి ఒక నేత కుర్రాడు, జంక్షన్ నుంచి లారీ మెకానిక్ వచ్చారు. ఉయ్యూరుకి కెప్టెన్నీ నేనే, రాసేవాణ్ణీ నేనే.

"లండన్లో ఏమైందంటే," అన్నారు ఆయన, పెసరట్టు ముక్క చేతిలో పట్టుకుని, "మోకాలి కింద తన్నే హక్కు తీసేస్తే ఆటలో మగతనం పోతుందని ఒక జట్టు లేచి వెళ్లిపోయింది. మళ్లీ రాలేదు. మనలో ఎవరూ అలా లేవకూడదు. ఎవరికైనా కడుపుమండితే ఇంకో అట్టు చెప్పుకోండి."

ఒక్కొక్కటీ తెమిలింది. ముందు ముట్టుకున్నవాడిదే బంతి అన్నది బందరు వదులుకుంది. గోలు గోలుకీ వైపులు మారడం మేం వదులుకున్నాం. నూలు అడ్డకర్ర అందరికీ నచ్చింది, సంచిలో పెట్టుకుని బస్సులో తేవచ్చు. తర్వాత మాస్టారు గోలు వెనకాల వల ఉండాలన్నారు. మాట పూర్తికాకుండానే ఏడుకొండలు కుర్చీలోంచి లేచాడు.

"వలతో ఆటలొద్దండి. మేం వల దాటం, కాలు తగలనివ్వం. అది మాకు అన్నం పెట్టేది. కాలితో తన్నిన బంతిని దాని మీదకి కొట్టడమేంటండీ?"

"వద్దు నాయనా, వద్దు. వల వద్దు," అన్నారు మాస్టారు గబగబా. "కొట్టెయ్యండి టైపుగారూ. కూర్చో ఏడుకొండలూ, కూర్చో." లండన్లో లేచి వెళ్లినవాళ్లు ఆయన కళ్ల ముందు మెదిలారని నాకు అర్థమైంది. నేను కొట్టేశాను.

చివరిది పదకొండోది. జంక్షన్ పెద్దమనుషులు పోయి వాళ్ల చోట ఒక్క రిఫరీ.

మెకానిక్ వెంటనే ఒప్పుకోలేదు. "మీరు దూరంగా ఉండి చూడలేదనుకోండి?"

"అయినా నా మాటే."

"తప్పు చెప్పారనుకోండి?"

"అయినా నా మాటే."

"పక్కనున్న ఆటగాణ్ణి అడగొచ్చు కదండీ?"

"అడగకూడదు. అడిగానా, మళ్లీ పంచాయితీ మొదటికొస్తుంది." నా వైపు తిరిగారు. "రాయండి. రిఫరీ ఎవరినీ అడగడు, రిఫరీ మాటే ఆఖరు, తప్పైనా సరే."

నియమాల్లో తప్పైనా సరే అని రాయడం బాగుండదని అన్నాను. "అదే అసలు మాట. రాయండి," అన్నారు. రాశాను. నలుగురం సంతకాలు పెట్టాం. మర్నాడు స్టెన్సిల్ కొట్టి నాలుగూళ్లకీ పంపాను. అందులో ఒక్క అచ్చుతప్పు లేదని ఇప్పటికీ చెప్పగలను.

ఆ నియమాలతోనే మాస్టారు నాలుగూళ్లకీ లీగు పెట్టారు. ఆ ఏడాది ఫైనలు మాకూ బందరుకీ పడింది. విజయవాడలో, మాస్టారి స్కూలు మైదానంలో. ఈల ఆయనదే. చెరో గోలు అయింది. ఇంకో అయిదు నిమిషాలుందనగా బందరు కుర్రాడొకడు ఎడమవైపు నుంచి కొట్టాడు. నేను గోలు కర్ర పక్కనే ఉన్నాను. బంతి నా భుజానికీ కర్రకీ మధ్య నుంచి దూసుకుపోయి వెనక గోడకి తగిలింది. అది గోలు. నేను వెనక్కి తిరిగి దాని వంక చూశాను. మాస్టారు మైదానం మధ్య నుంచి పడమరకి చూస్తున్నారు. ఎండ సూటిగా ఆయన కళ్లల్లో కొడుతోంది. చెయ్యి అడ్డం పెట్టుకుని ఒక క్షణం తటపటాయించి, బయటికి పోయిందని గోల్‌కిక్ చూపించారు.

బందరు వాళ్లు పదిమందీ ఆయన మీదకి పరిగెత్తారు. తాడు దాటి జనం కూడా లోపలికి వచ్చేశారు. ఇక చొక్కాలు చిరుగుతాయనుకున్నాను. ఏడుకొండలు వాళ్లకి ఎదురెళ్లి రెండు చేతులూ చాపి నిలబడ్డాడు.

"ఆగండ్రా! తప్పైనా సరేనని సంతకం పెట్టొచ్చాను. ఎవడన్నా ముందుకొచ్చాడంటే నా మాట పోద్ది. పదండి వెనక్కి."

వాళ్లు వెనక్కి వెళ్లారు. అవతలి కర్ర వైపు దూకి బంతి ఎటు పోయిందో చూడని మా గోల్‌కీపర్, బతికిపోయాం అన్నట్టు నన్ను చూసి కన్ను కొట్టాడు. నేను ఒక్క మాట అంటే సరిపోయేది. అనలేదు. గెలుపు నోటిదాకా వచ్చింది, అంతకన్నా పెద్ద కారణం ఏమీ లేదు. బంతి తెచ్చి నేల మీద పెట్టి ఆ గోల్‌కిక్ నేనే కొట్టాను. రెండు నిమిషాల్లో మావాళ్లు అవతల గోలు కొట్టారు. ఆఖరి ఈల మోగింది. ఏడుకొండలు ముందుగా వచ్చి నాకు చెయ్యిచ్చాడు. అతని వెనకే జట్టంతా వరసలో వచ్చి మా అందరికీ చేతులిచ్చి బస్సుకి వెళ్లిపోయారు.

మాస్టారు మైదానం మధ్యలో అలాగే నిలబడి ఉన్నారు. నేను దగ్గరికి వెళ్లేసరికి కళ్లు తుడుచుకుంటున్నారు. "చూశారా టైపుగారూ? చేతులిచ్చి వెళ్లారు!" అన్నారు. నా మొహంలో ఏం కనిపించిందో, మాట ఆపేశారు. "ఆ బంతి బయటికే కదా పోయింది?"

"లోపలికే వెళ్లిందండీ."

"మీరు చూశారా?"

"నా భుజం పక్క నుంచే వెళ్లింది."

"మరి చెప్పలేదేం?"

"మీరు అడగలేదు కదండీ. అడగకూడదని మీరే రాయించారు."

అన్న వెంటనే నాకు తల కొట్టేసినట్టయింది. ఆ మాటలో ఎక్కడా తప్పు లేదు, అదే దాని నీచత్వం. మాస్టారు నేల మీద కూర్చుని బూటు విప్పారు. తిరగేసి దులిపారు. అందులోంచి ఏమీ రాలలేదు. మళ్లీ తొడుక్కున్నారు.

"ఇంకెవరితోనైనా అన్నారా?"

"లేదండీ."

"అనకండి."

ఆయన తన లీగు పరువు కాపాడుకుంటున్నారని అప్పుడు అనుకున్నాను. మనుషుల్లో అచ్చుతప్పులు చూసేవాడి బుద్ధి అంతకన్నా ముందుకి పోదు.

నెల తిరక్కుండానే మళ్లీ అదే మేడ మీద గదికి పిలిచారు. ఈసారి అట్లు చెప్పలేదు. ఇంకా మాకు ఇవ్వని ఫైనలు కప్పు తెచ్చి బల్ల మీద ఏడుకొండలు ముందు పెట్టారు.

"ఆ రోజు గోలు అయింది. తర్వాత తెలిసింది. ఇది మీది. పదకొండో నియమం మార్చేద్దాం. అనుమానం వస్తే దగ్గరున్న ఆటగాణ్ణి అడుగుతాను."

ఏడుకొండలు కప్పు ముట్టుకోలేదు. "ఎవరు చెప్పారండీ గోలని?"

నా పెన్ను కాగితం మీద ఆగిపోయింది. మాస్టారు నా వైపు చూడలేదు.

"ఎవరు చెబితే ఏంటి? చూడాల్సినవాణ్ణి నేను. నేను చూడలేదు. అంతే."

ఏడుకొండలు కుర్చీ వెనక్కి జరుపుకున్నాడు. "కప్పొద్దండి," అన్నాడు. "ఆ రోజు ఊరుకున్నాం. ఇవాళ పట్టికెళ్తే ఊరుకున్నదానికి విలువేముంది? రూలు కూడా మార్చొద్దు. మీరు అడిగారనుకోండి, ఇంకో ఫైనల్లో మావాడినే అడిగారనుకోండి. వాడు నిజం చెబుతాడని నేను చెప్పలేను. నేనైనా చెబుతానో లేదో. గెలుపు అలాంటిది. ఇప్పుడైతే తప్పు మీ ఒక్కరిదేనండి. అడగడం మొదలెట్టారంటే అందర్నీ అబద్ధాలకోర్లని చేస్తారు."

మెకానిక్ తల ఊపాడు. నేత కుర్రాడు కిటికీ వైపు చూస్తున్నాడు. ఏడుకొండలు మళ్లీ అన్నాడు. "వల సంగతి మా పెద్దోళ్లని అడిగానండి. చిరిగిపోయి ఇక నీళ్లలోకి దిగని వలకి ఆ పట్టింపు లేదన్నారు. రెండు తెస్తాను. కట్టండి."

ఇంగ్లండులో కూడా సరిగ్గా ఇలాంటి గొడవలకే వల వచ్చిందని మాస్టారు అంటారని ఎదురుచూశాను. అనలేదు. మనవాళ్ల ఊసే ఎత్తలేదు. కప్పు తీసి సంచిలో పెట్టుకుని, "సరే, అలాగే ఉంచండి," అన్నారు నాతో. ఆ కప్పు ఏ ఊరికీ వెళ్లలేదు. స్కూల్లో ఆయన బీరువాలోనే ఉండిపోయింది. మావాళ్లు అడిగితే మెరుగు పెట్టించాలని చెప్పి దాటవేస్తూ వచ్చారు.

మరుసటి ఏడు మొదటి మ్యాచికి వలలు కట్టారు. చేపల వాసన ఇంకా పోలేదు. మాస్టారు ఈల ఊదబోయి ఆగి, రెండు జట్లనీ మధ్యకి పిలిచారు.

"అబ్బాయిలూ, ఇవాళ కూడా నేను తప్పులు చేస్తాను. చేసినవన్నీ నావే. మీరు ఆడుకోండి," అన్నారు.

రిటైరయ్యాక కూడా, మోకాళ్లు మొరాయించి ఈల పక్కన పెట్టేసేదాకా, ప్రతి మ్యాచికి ముందూ అదే మాట. కొత్తగా వచ్చిన కుర్రాళ్లు నవ్వేవారు, పాతవాళ్లు బూటు తాళ్లు బిగించుకునేవారు. నేను మాత్రం కాలి కింద గడ్డి చూస్తూ నిలబడేవాణ్ణి. ఆయన నావి అన్న వాటిలో ఒకటి ఆయనది కాదని ఆ మైదానంలో ఇద్దరికే తెలుసు. ఏడుకొండలు ఫోన్ పెట్టేశాక చూసుకుంటే, నాకొక్కడికే తెలుసు.